దానంతట అది

తలుపు తెరిచాడు, తలుపు తెరుచుకున్నది. ఈ రెండు వాక్యాలకు మధ్య వున్న తేడా తెలుగు పాఠం చెప్పే ప్రతి ఉపాధ్యాయుడికీ తెలిసినదే. మొదటి దానిలో ఒక మనిషి వున్నాడు, రెండవ దానిలో లేడు. కుండ పగలగొట్టాడు, కుండ పగిలింది. దీపం ఆర్పాడు, దీపం ఆరింది. సంస్కృత వైయాకరణులు ఇటువంటి ప్రయోగాన్ని గమనించి కర్మకర్తరి అని పేరు పెట్టారు. అది ఎందుకు పుడుతుందో కూడా చెప్పారు. పని అతి సులువుగా జరిగిపోయిందని సూచించదలచినప్పుడు కర్త వ్యాపారాన్ని వక్త చెప్పదలచడు. అప్పుడు కర్మే వచ్చి కర్త స్థానంలో కూర్చుంటుంది. వారు దీన్ని సౌకర్యాతిశయం అన్నారు. సౌకర్యం అతిశయించినచోట కర్త కనిపించకుండా పోతాడన్న ఈ పరిశీలనను నేను తరగతిలో చాలా ఏళ్లుగా చెబుతున్నాను. అది వ్యాకరణానికి మాత్రమే సంబంధించిన విషయం కాదని నాకు తోచినది కంప్యూటరు వల్ల.

1995 ఆగస్టులో మైక్రోసాఫ్ట్ సంస్థ విడుదల చేసిన విండోస్ 95లో ఆటోరన్ అనే కొత్త వసతి వున్నది. అంతకుముందు ఒక సిడిలో వున్న ప్రోగ్రామును నడపాలంటే సిడి పెట్టి, అందులో ఏమేమి వున్నవో చూసి, కావలసిన ఫైలు పేరు తెలుసుకొని, దాన్ని నడపమని ఆజ్ఞ ఇవ్వవలసి వుండేది. ఆటోరన్ వచ్చాక సిడి పెడితే చాలు, ప్రోగ్రాము దానంతట అది మొదలవుతుంది. మనం పరిశీలించవలసినది ఈ "దానంతట అది" అన్న మాటనే.

యంత్రంలోకి ఒక వస్తువు వచ్చిందని తెలియగానే విండోస్ తనలోని భాగాలకు ఒక కబురు పంపుతుంది. తెరమీద కనిపించే బొమ్మలనూ ఫోల్డర్లనూ నిర్వహించే షెల్ అనే భాగం ఆ కబురు అందుకుంటుంది. ఈ షెల్ పనితనం చాలా మటుకు షెల్32.డిఎల్ఎల్ అనే ఫైలులో వుంటుంది. అది ముందు రిజిస్ట్రీ అనే పట్టికలో ఒక అంకెను చూస్తుంది. ఏయే రకం డ్రైవులకు ఈ వసతి వర్తించకూడదో ఆ అంకె చెబుతుంది. తర్వాత, వచ్చిన వస్తువులో ఆటోరన్.ఇన్ఫ్ అనే చిన్న ఫైలు వున్నదా అని వెతుకుతుంది. అది ఎవరైనా చదవగల మామూలు అక్షరాల ఫైలు. రెండు మూడు పంక్తులకు మించనక్కరలేదు. ఫలానా ప్రోగ్రామును తెరువు, ఫలానా బొమ్మను చూపు అని అందులో వుంటుంది. షెల్ ఆ ఉత్తరాన్ని చదివి, అందులో వున్నట్టే చేస్తుంది.

డిఎల్ఎల్ అంటే డైనమిక్ లింక్ లైబ్రరీ. గ్రంథాలయోద్యమం నడిచిన దేశంవాళ్లం గనుక ఈ పేరు మనకు వెంటనే అర్థమవుతుంది. అనేక ప్రోగ్రాములకు అవసరమయ్యే పనులను ఒక్కచోట రాసిపెట్టి, ఎవరికి కావాలంటే వారు తీసుకొని వాడుకొనే ఏర్పాటు అది. నిజంగా చక్కని ఏర్పాటు. ఒకే పనిని ప్రతివాడూ మళ్లీ మళ్లీ రాసుకోనక్కరలేదు. కానీ పుస్తకం తనను తాను చదువుకోదు, డిఎల్ఎల్ కూడా తనంతట తాను నడవదు. దాన్ని మరొక ప్రోగ్రాము పిలవాలి. పిలవడానికే రన్‌డిఎల్ఎల్32 అనే పనివాడు విండోస్‌లో వున్నాడు. ఫలానా గ్రంథంలో ఫలానా అధ్యాయం చదువు అని చెబితే తీసి చదువుతాడు. ఇలా లోపలికి ఎంత దూరం వెళ్లినా ఒకరు చెబితే ఒకరు చేసే వరసే కనిపిస్తుంది. దానంతట అది జరిగేది ఒక్కటీ కనిపించదు.

అయితే ఈ వరసకు మొదట వున్న ఆజ్ఞ ఎవరిది? సిడి పెట్టినవాడిదని కొందరంటారు. వాడు పెట్టాడు గాని నడపమనలేదు. యంత్రం కొన్నవాడిది అందామంటే, ఆ ఉత్తరంలో ఏమున్నదో అతడు చూడలేదు. ఆజ్ఞ ఉత్తరం రాసినవాడిది. అతడెవరో యంత్రానికీ తెలియదు, యంత్రం ముందు కూర్చున్నవాడికీ తెలియదు. ఇంటికి అతిథి వచ్చాడు, ఇంటివాడు లేవకముందే ఇల్లు అతిథి మాట వినడం మొదలుపెట్టింది! అలా వినేటట్టు ఇంటిని కట్టినవాడు మరొకడు. అంటే ఈ వ్యవహారంలో కర్తలు ఇద్దరున్నారు, ఒకడు ఉత్తరం రాసినవాడు, మరొకడు ఎవరి ఉత్తరమైనా సరే అడగకుండా అమలు చేయాలని ముందుగానే నిర్ణయించినవాడు. ఇద్దరూ ఎదురుగా లేరు. ఎదురుగా వున్నవాడికి ఈ పనిలో పాత్ర లేదు. నింద మాత్రం అతడికే వస్తుంది.

మా రామారెడ్డి పక్కన ఇసన్నపల్లిలో కాలభైరవుడి గుడి వున్నది. కాలభైరవుణ్ణి క్షేత్రపాలకుడంటారు, కొత్తగా వచ్చినవాడు ముందు ఆయనకు చెప్పుకొని లోపలికి రావాలన్నది ఆ పేరులోని భావం. నాకు భక్తి లేదు. కాని పొలిమేర దగ్గర ఎవరు నువ్వు అని అడిగేవాడు ఒకడుండాలన్న ఆలోచనలో లోకజ్ఞానం వున్నది. ఆటోరన్ తీసేసినది సరిగ్గా ఆ ప్రశ్ననే. ఆ ప్రశ్న శ్రమ అనీ, అది లేకపోవడం సౌకర్యమనీ మనకు చెప్పారు.

1995లో ఈ నిర్ణయం తీసుకొన్నవారు దుర్మార్గులని నేను అనడం లేదు. ఆనాటి పరిస్థితిలో దానికి ఒక హేతువు వున్నది. సిడిలు అప్పుడు ప్రధానంగా కర్మాగారాలలో తయారయ్యేవి. వాటిమీద రాసే సాధనం సామాన్యుడి చేతిలో లేదు. సిడిని నమ్మడమంటే దాన్ని అచ్చువేసిన కంపెనీని నమ్మడమే. కంప్యూటరు ముందు మొదటిసారి కూర్చున్నవాడికి సెటప్ ఫైలు ఎక్కడున్నదో వెతికే బాధ తప్పించడం మంచి పనే. తర్వాత సామాన్యులు సిడిలు రాసుకోవడం మొదలుపెట్టారు. 2000 ప్రాంతంలో పెన్‌డ్రైవులు వచ్చాయి. ఎవరైనా రాయవచ్చు, చెరపవచ్చు, జేబులో వేసుకొని ఊరూరా తిప్పవచ్చు. భౌతిక పరిస్థితి పూర్తిగా మారిపోయింది. పాత పరిస్థితిలో పుట్టిన నియమం మాత్రం కదలలేదు. పునాది మారినా పాత నియమం ఎందుకు నిలిచి వుంటుందన్న ప్రశ్న మన పాఠకులకు కొత్తది కాదు. దానివల్ల లాభం పొందేవారు వుంటారు గనుక నిలిచి వుంటుంది.

విండోస్ ఎక్స్‌పి రోజుల్లో పెన్‌డ్రైవ్ పెడితే ఏం చేయమంటావని అడిగే ఒక పెట్టె వచ్చేది. చూడబోతే ఇది మంచి మార్పే. కాని ఆ పెట్టెలో ఒక వరసను పెన్‌డ్రైవులోని ఉత్తరమే రాయవచ్చు. పెట్టెను మూసివేసి, లోపల ఏమున్నదో చూద్దామని డ్రైవు బొమ్మమీద రెండుసార్లు నొక్కినా, ఉత్తరంలో చెప్పిన ప్రోగ్రాము నడిచేది. చూడడం అనే క్రియ నడపడం అనే క్రియగా మారిపోయింది, నొక్కినవాడికి తెలియకుండానే.

2008 నవంబరులో బయటపడిన కాన్‌ఫికర్ అనే పురుగు ఈ సందునే వాడుకొన్నది. నెట్‌వర్కుల ద్వారా పాకడం ఒక దారి, పెన్‌డ్రైవులు మరొక దారి. అది పెన్‌డ్రైవులో పెట్టే ఆటోరన్.ఇన్ఫ్ నిండా పిచ్చి అక్షరాలుంటాయి. వాటి మధ్య అసలు పంక్తులు దాగి వుంటాయి. అవి చేసే పని ఏమిటంటే, అడిగే పెట్టెలో "ఫైళ్లు చూడడానికి ఫోల్డరు తెరువు" అనే అర్థం వచ్చే ఒక వరసను చేర్చడం. అచ్చం విండోస్ తానుగా చూపే వరసలాగే వుంటుంది. పక్కన పసుపు పచ్చని ఫోల్డరు బొమ్మ. ఆ బొమ్మను పురుగు తనతో తెచ్చుకోలేదు, షెల్32.డిఎల్ఎల్‌లో వున్న బొమ్మనే చూపమని ఆజ్ఞ ఇచ్చింది. నొక్కగానే రన్‌డిఎల్ఎల్32 వచ్చి, చెత్తబుట్ట పేరుతో వున్న ఒక మూల ఫోల్డరులో దాచిన డిఎల్ఎల్‌ను పిలుస్తుంది. దొంగ ఇంటివాడి చొక్కాయే తొడుక్కొని, ఇంటివాడి నౌకరు చేతనే పెట్టె తెరిపించాడు. 2009 మొదటి నెలల్లో ఫ్రాన్సు నౌకాదళం, బ్రిటన్ రక్షణశాఖ కంప్యూటర్లు దీని బారిన పడ్డాయి. వాళ్లకే తెలియనిది మన పల్లెటూరి విద్యార్థికి తెలిసి వుండవలసిందని ఎవరైనా అనగలరా?

అన్నారు. ఆ రోజుల్లో నేను చదువుకొన్న ఒక విద్యాసంస్థలో కంప్యూటరు ల్యాబ్ తలుపుమీద, వైరస్ తెచ్చినవారికి జరిమానా అని కాగితం అంటించి వుండేది. బీడీలు చుట్టే తల్లి కూతురు ఒకామె మాతో చదివేది. తన సిద్ధాంత వ్యాసాన్ని రెండు నెలలు అదే ల్యాబ్‌లో టైపు చేసుకొన్నది. దాన్ని అచ్చు తీయించడానికి ఆఫీసులో పెన్‌డ్రైవ్ పెట్టగానే అక్కడి యంత్రం కీచుమన్నది. చూస్తే అందులో ఆమె ఎన్నడూ రాయని ఆటోరన్.ఇన్ఫ్. ఆమెకు ఇంట్లో కంప్యూటరు లేదు. బయట ఎక్కడా పెన్‌డ్రైవ్ పెట్టలేదు. అది ఏ యంత్రం నుంచి వచ్చిందో ఊహించడం కష్టం కాదు. జరిమానా ఆమే కట్టింది. "ఎక్కడబడితే అక్కడ పెడితే అట్లనే అయితది" అన్నారు. అయితది. కర్త లేదు, శిక్ష మాత్రం వున్నది. పైనుంచి కింది దాకా అందరూ అకర్మక క్రియలలో మాట్లాడుకొని, చివర వున్నవారికి వచ్చేసరికి హఠాత్తుగా సకర్మకం చేస్తారు: యంత్రంలోకి వైరస్ వచ్చింది, నువ్వు తెచ్చావు.

అజాగ్రత్త అన్న ఈ వాదనను సూటిగా ఎదుర్కోవాలి. జాగ్రత్తగా వుండమనడానికి ముందు, వద్దని చెబితే వినే ఏర్పాటు వుండాలి. ఆటోరన్ వద్దనుకొన్నవారికోసం రిజిస్ట్రీలో ఆ అంకెను మార్చే మార్గం మైక్రోసాఫ్ట్ చెప్పింది. ఆ ప్రకారం చేసినా ఆటోరన్ పూర్తిగా ఆగడం లేదని 2009 జనవరిలో అమెరికా ప్రభుత్వపు కంప్యూటరు భద్రతా విభాగం హెచ్చరిక జారీ చేసింది. తర్వాత సవరణలు వచ్చాయి. అంటే అంతవరకు తెలివి వున్నవాడు, జాగ్రత్త వున్నవాడు, శ్రద్ధగా వెతికి వద్దని రాసిపెట్టినవాడు కూడా నమ్మకంగా వద్దని చెప్పలేకపోయాడు. ఇంతకంటే ముందు 2003లో మరొక వింత జరిగింది. సిడి పెట్టేటప్పుడు షిఫ్ట్ మీట నొక్కిపట్టుకొంటే ఆటోరన్ పనిచేయదు. ఇది విండోస్‌లో మొదటినుంచీ వున్న సదుపాయం. పాటల సిడిలనుంచి నకళ్లు తీయకుండా ఆపడానికి సన్‌కామ్ అనే కంపెనీ చేసిన ఏర్పాటు ఆటోరన్ మీదే ఆధారపడి వున్నదనీ, షిఫ్ట్ నొక్కితే అది లోపలికే రాదనీ ప్రిన్స్‌టన్ విశ్వవిద్యాలయ విద్యార్థి జాన్ అలెక్స్ హాల్డర్‌మన్ ఒక వ్యాసంలో రాశాడు. కంపెనీ అతడిమీద దావా వేస్తామని ప్రకటించి, నవ్వులపాలై వెనక్కు తగ్గింది. తన యంత్రంమీద తాను ఒక మీట నొక్కడం నేరం కాబోయినది! అడ్డు చెప్పడం నేరమైనచోట, అడ్డు చెప్పలేదు గనుక ఒప్పుకొన్నట్టే అనడానికి ఏం నీతి వున్నది?

2005లో సోనీ బిఎంజి కంపెనీ పాటల సిడిలు ఈ విషయాన్ని ఇంకా నగ్నంగా చూపాయి. పెట్టగానే ఒప్పందపత్రం కనిపిస్తుంది. ఆ సిడిలలో ఒక రకానివి, ఒప్పుకోనని నొక్కినా అప్పటికే కొన్ని ఫైళ్లను యంత్రంలో దింపేసి వుండేవి. మరొక రకానివి దింపిన ఫైళ్లను విండోస్‌కే కనబడకుండా దాచేవి. పురుగు రాసిన దొంగకూ, పాటలు అమ్మే షాహుకారుకూ దారి ఒక్కటే అయింది. దారి మూతపడడానికి అంత కాలం ఎందుకు పట్టిందో దీనివల్ల కొంత తెలుస్తుంది. 2009లో వచ్చిన విండోస్ 7లో పెన్‌డ్రైవులకు ఆటోరన్ తీసేశారు. పాత ఎక్స్‌పి, విస్టా యంత్రాలకు 2011 ఫిబ్రవరిలో ఆ సవరణ పంపారు. సిడిలకు, డివిడిలకు మాత్రం వుంచారు. కర్మాగారం నుంచి వచ్చే ఉత్తరానికి గౌరవం అలాగే మిగిలింది.

దీన్నిబట్టి స్వయంచాలకమైనదంతా దుష్టమని నేను వాదిస్తున్నానని మిత్రులు అనుకోవద్దు. యంత్రాన్ని తిట్టి పల్లెకు పోదామనే కవిత్వం మనకు అక్కరలేదు. 1908 మూసీ వరదల తర్వాత హైదరాబాదుకు వచ్చి నీటి పథకాలు రూపొందించిన మోక్షగుండం విశ్వేశ్వరయ్య, అంతకుముందే పుణె దగ్గర ఖడక్‌వాస్లాలో స్వయంచాలక వరద తలుపులు పెట్టించాడు. నీరు ఒక మట్టానికి చేరగానే తలుపులు లేస్తాయి, తగ్గగానే దిగుతాయి. అదీ దానంతట అదే. కాని ఆ మట్టం ఏమిటో అందరికీ తెలుసు. నీళ్లు పెరగడం ఒడ్డున నిలబడ్డవాడికి కనిపిస్తుంది. తలుపును లేపేది నీరు, ఎవరో తెలియనివాడు నీళ్లలో పడవేసిన చీటీ కాదు. యంత్రం తానుగా నడిచినంతమాత్రాన తప్పేమీ లేదు. అది ఎవరి మాట విని నడుస్తున్నది, ఆ మాట బాధితుడికి కనిపిస్తున్నదా, వద్దంటే ఆగుతున్నదా అన్నవి అడగవలసినవి.

మా ఊళ్లో ఈ ప్రశ్న బోరు బావి దగ్గర వచ్చింది. నిజాంసాగర్ మా జిల్లాలోనే వున్నా దాని నీళ్లు బాన్సువాడ, బోధన్ దిక్కు పోతాయి. రామారెడ్డి మెట్టకు దిక్కు బోర్లే. త్రీఫేజ్ కరెంటు విడతలు విడతలుగా, అర్ధరాత్రి అపరాత్రి వచ్చే కాలంలో రైతులు మోటారుకు ఆటో స్టార్టర్ పెట్టించారు. కరెంటు వస్తే మోటారు దానంతట అది లేస్తుంది. దీన్ని సోమరితనం అన్నవాళ్లున్నారు. మా పొలం పక్క రైతును అడిగితే, "రాత్రి రెండింటికి కరెంటొస్తే చీకట్ల ఎవడు పోతడు సారూ, పాము కరిస్తే ఎవడు జూస్తడు?" అన్నాడు. పాము కాకపోతే తడిచేతికి తగిలే తీగ. ఆటో స్టార్టర్ అతడికి సౌకర్యం కోసం కాదు, ప్రాణం కోసం. 2018 జనవరి 1 నుంచి రాష్ట్రంలోని సుమారు 23 లక్షల పంపుసెట్లకు 24 గంటల ఉచిత కరెంటు ఇవ్వడం మొదలైంది. అంతకు కొన్ని నెలల ముందునుంచే ఆటో స్టార్టర్లు తీసేయమని ప్రభుత్వం ప్రచారం చేసింది. కారణం సరైనదే. కరెంటు పోకుండా వుంటే మోటారు ఆగకుండా తోడుతుంది, భూగర్భజలం అడుగంటుతుంది. తన బోరుమీద ఆటో స్టార్టర్ లేని పక్క చిన్నరైతు బోరు ముందు ఎండుతుంది.

ఆటోరన్‌కూ దీనికీ పోలిక ఎంతవరకో కూడా చూడాలి. ఆటో స్టార్టర్ పెట్టినవాడు రైతే. అది ఏం చేస్తుందో తెలిసే పెట్టాడు. ఫ్యూజు పీకితే ఆగుతుంది. ఆ మేరకు అది నిజాయితీ గల యంత్రం. కాని దాన్ని పెట్టవలసి వచ్చిన వేళలను రైతు నిర్ణయించలేదు. రాత్రి రెండు గంటలను ఎవరో ఎక్కడో పట్టికలో రాశారు. వేళ మారింది, పరికరం మిగిలింది. మళ్లీ అదే సంగతి: పరిస్థితి మారాక పాత ఏర్పాటు నష్టం చేస్తుంది, నష్టానికి పేరు మాత్రం కింద వున్నవాడిది. లైన్‌మన్ వచ్చి డబ్బా విప్పుకొని పోయాడు. రాత్రి కరెంటు ఇచ్చిన ఏళ్లకు సంజాయిషీ ఎవరూ అడగలేదు. అయితే పక్కవాడి బోరు ఎండే విషయంలో మా పొలం పక్క రైతుకు బాధ్యత లేదని నేను అనలేను. అతడికి ఆ సంగతి తెలుసు. "నేను ఇప్పితే అందరు ఇప్పాలె" అన్నాడు. ఇది న్యాయమైన మాటే అనిపిస్తుంది. ఇటువంటి చిక్కులను ఒక్కొక్క మనిషి మనస్సాక్షి తేల్చలేదు. కూర్చొని మాట్లాడుకొని కట్టుబాటు చేసుకోవాలి.

మనుషుల మధ్య సంబంధం వస్తువుల మధ్య సంబంధంగా కనిపించడం గురించి మార్క్స్ సరుకు సందర్భంలో చెప్పాడు. మా విద్యార్థులు దాన్ని పరీక్షకోసం బట్టీ పడతారు గాని ఉదాహరణ అడిగితే తడుముకొంటారు. పెన్‌డ్రైవుకూ కంప్యూటరుకూ మధ్య ఏదో జరిగిందనుకోవడం దానికి మంచి ఉదాహరణ. మైక్రోసాఫ్ట్ అభివృద్ధి కేంద్రం 1998 నుంచి హైదరాబాదులోనే వున్నది. మన కళాశాలల నుంచి వెళ్లిన పిల్లలు అటువంటి సంస్థల్లో డిఎల్ఎల్‌లు రాస్తున్నారు. ఏ ప్రశ్న అడగాలి, ఏది అడగకుండా జరిపించాలి అన్నది ఒక బల్ల చుట్టూ కూర్చొని మనుషులే నిర్ణయిస్తారు. 2024 జూలై 19న క్రౌడ్‌స్ట్రయిక్ అనే కంపెనీ పంపిన ఒక సవరణ, ఎవరినీ అడగకుండా దానంతట అది దిగి, ప్రపంచంలో సుమారు 85 లక్షల విండోస్ యంత్రాలను కూలదోసింది. ఆ రోజు శంషాబాదులో ప్రయాణికులకు బోర్డింగ్ పాసులు చేతితో రాసిచ్చారు. సవరణను అడగకుండా దించడానికి వాళ్లు చెప్పిన హేతువు కాన్‌ఫికర్ వంటివాటినుంచి కాపాడడమే, అది అబద్ధమూ కాదు. పురుగుకు వేగం వున్నప్పుడు మందుకూ వేగం వుండాలి. ఈ వాదానికి నా దగ్గర పూర్తి సమాధానం లేదు. వేగం పేరుతో ప్రశ్నను తీసేసినవాడు పర్యవసానానికి పూచీపడాలన్నంతవరకు నేను గట్టిగా అనగలను.

యంత్రం ఆగితే విమానం ఆలస్యమవుతుంది. ఇంకొకచోట అన్నం ఆగుతుంది. తెలంగాణలో కొన్నేళ్లపాటు వివిధ శాఖల దస్త్రాలను కంప్యూటరుచేత సరిపోల్చి, అనర్హులని తేలినవారి రేషన్ కార్డులను లక్షల సంఖ్యలో నోటీసు లేకుండా రద్దు చేశారు. పేరు కలిసిన మరొకరి కారు తమ లెక్కలో పడి కార్డు పోగొట్టుకొన్న పేదలు వున్నారని తర్వాత పత్రికలు బయటపెట్టాయి. రేషను దుకాణం ముందు వినిపించిన మాట, "పేరు ఎగిరిపోయింది." డీలరూ అదే అన్నాడు, తహసీలు కచ్చేరీలోనూ అదే అన్నారు. ఎగరగొట్టినవారు ఎవరని అడగడానికి ఆ క్రియలో చోటు లేదు. 2022 ఏప్రిల్‌లో సుప్రీంకోర్టు రద్దయిన కార్డులను క్షేత్రస్థాయిలో తిరిగి విచారించమని రాష్ట్ర ప్రభుత్వాన్ని ఆదేశించింది. యంత్రం అడగకుండా దాటేసిన ప్రశ్నను మనిషి గడప దగ్గరకు వెళ్లి అడగవలసి వచ్చింది: నీకు కారు వున్నదా? ఆ విచారణలో అర్హులని తేలినవారికి కార్డు మళ్లీ ఇవ్వవచ్చు. మధ్యలో తినని బియ్యం ఎవరి లెక్కలో రాయాలో ఏ రిజిస్టరులోనూ గడి లేదు.